మూడు కోర్టుల్లో ఒకే భూమి
(పూర్వ విద్యార్థుల స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

సంఘం వారు నన్ను ఇంజనీరునని పిలిచి, "ఏదైనా పనికొచ్చే సంగతి చెప్పండి" అన్నారు. రోడ్లు, వంతెనల గురించి చెబుతాననుకుని ఉంటారు. కానీ పదేళ్లుగా మన ఊరి వాళ్లు ఫోన్ చేసి నన్ను అడుగుతున్నది వంతెనల గురించి కాదు, భూమి కేసుల గురించి. "మీ నాన్నగారి కేసులు మూడూ ఒకచోటికి ఎలా తెచ్చారు?" అని. విశాఖలో, హైదరాబాదులో, అమెరికాలో స్థిరపడిన మనవాళ్లలో చాలామందికి ఇక్కడ రెండెకరాలో మూడెకరాలో ఉన్నాయి, వాటి వెనకాలే ఒక దావా కూడా ఉంది. అందుకని ఇవాళ అదే చెబుతాను. నేను ప్లీడరును కాను. కాగితాలు మోసినవాణ్ణి, ఆ కాగితాలు చదివినవాణ్ణి.

ముందు మా ఇంటి లెక్క చెప్పాలి. మా తాతకు చీపురుపల్లి వైపు 7 ఎకరాల 40 సెంట్లు, రాజాం వైపు 3 ఎకరాల 15 సెంట్లు. మొత్తం 10 ఎకరాల 55 సెంట్లు. ఈ ప్రాంతమంతా ఒకప్పుడు జమీందారీ. 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత సర్వే, సెటిల్‌మెంటు జరిగి రైతులకు రైత్వారీ పట్టాలొచ్చాయి. మా తాతకు వచ్చిన పట్టా అలాంటిదే. ఆయనకు ముగ్గురు పిల్లలు: మా నాన్న, చిన్నాన్న, మేనత్త. తాత పోయాక 1978లో పెద్దమనుషుల ముందు ఒక పారీఖత్తు రాసుకున్నారు. రిజిస్టరు కాలేదు. అన్నదమ్ములిద్దరి పేర్లూ ఉన్నాయి, అత్త పేరు లేదు. ఆ రోజుల్లో అది ఎవరికీ వింతగా తోచలేదు. "పెళ్లికి ఇచ్చింది ఇచ్చేశాం కదా" అన్నారు, అంతే.

తర్వాత చిన్నాన్న రోడ్డు పక్క 2 ఎకరాల 10 సెంట్లు ఒకాయనకు అమ్మాడు. కొన్నాయన గట్టు వేయబోతే మా నాన్న అడ్డు చెప్పాడు. 2012లో ఆయన చీపురుపల్లి జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో, అంటే మన పెద్దలు ఇప్పటికీ మున్సబు కోర్టు అనే చోట, ఇంజంక్షన్ దావా వేశాడు. మరుసటి ఏడు మా అత్త మొత్తం భూమిలో మూడో వంతు తనకు రావాలని విజయనగరంలో సీనియర్ సివిల్ జడ్జి గారి దగ్గర పార్టిషన్ దావా వేసింది. భూమి విలువ కింది కోర్టు హద్దు దాటింది కాబట్టి సబ్ కోర్టుకు వెళ్లాల్సి వచ్చింది. భూమి రెండు చోట్ల ఉన్నా దావా ఒక్కచోట వేయొచ్చు, సివిల్ ప్రొసీజర్ కోడ్ 17వ సెక్షన్ అందుకు వీలిస్తుంది. 2014లో మా చిన్నాన్న కొడుకు రాజాం కోర్టులో, ఆ 3 ఎకరాల 15 సెంట్లూ పారీఖత్తు ప్రకారం తమదేనని ఇంకో దావా వేశాడు.

మూడు దావాలు, ముగ్గురు వాదులు. మూడింట్లోనూ ప్రతివాది మా నాన్న. ఒకటి కొన్నవాడితో, ఒకటి తోడబుట్టిన చెల్లెలితో, ఒకటి తమ్ముడి కొడుకుతో. అప్పటికి నాన్నకు డెబ్బై దాటాయి. సోమవారం చీపురుపల్లి, బుధవారం రాజాం, మధ్యలో ఎప్పుడో విజయనగరం. ఒక్కోసారి రెండు కోర్టుల వాయిదాలు ఒకే రోజు పడేవి. చెల్లెలి మీద ఆయనకు కోపం లేదు. కానీ దావా పడ్డాక ఆ సంక్రాంతికి అత్త ఇంటికి అరిసెలు వెళ్లలేదు. ఎవరు ఆపారో ఎవరూ చెప్పరు.

జాతర రోజున కనకమహాలక్ష్మి అమ్మవారి గుడి దగ్గర అత్త కనబడి నాతో అన్న మాట ఇది: "ఏట్రా బాబూ, ఒక్క బూమికి మూడు కోర్టులేటి? ముగ్గురు జడ్జీలు మూడు మాటలంటే నానెవుల మాట ఇనాల?" చదువు లేని మనిషి. కానీ ఒక హైకోర్టు పిటిషన్‌కు కావలసిన కారణమంతా ఆ రెండు ముక్కల్లోనే ఉంది.

ఎందుకో చెబుతాను. మూడు దావాల్లోనూ అసలు ప్రశ్నలు రెండే. తాత భూమి పిత్రార్జితమా, స్వార్జితమా? 1978లో నిజంగా పంపకం జరిగిందా, లేదా? చీపురుపల్లి కోర్టు "పంపకం జరిగింది, అమ్మకం చెల్లుతుంది" అనీ, విజయనగరం కోర్టు "జరగలేదు, అందరికీ వాటా ఉంది" అనీ అంటే? ఒక కోర్టు తేల్చి, ఎవరూ అప్పీలు చేయక ఖాయమైన విషయాన్ని అదే కక్షిదారుల మధ్య మళ్లీ తిరగదోడడానికి 11వ సెక్షన్ అడ్డొస్తుంది. దాంతో ముందు తీర్పు వచ్చిన చిన్న దావా, తర్వాత వచ్చే పెద్ద దావా మెడకు చుట్టుకోవచ్చు.

ఇక్కడ నా వృత్తి కొంచెం అక్కరకొచ్చింది. రెండు దావాల్లో ఇద్దరు వేర్వేరు అడ్వొకేట్ కమిషనర్లు వచ్చి ఒకే సర్వే నంబరు కొలిచారు. రెండు రిపోర్టులకూ తేడా 11 సెంట్లు. అంటే దాదాపు 4,800 చదరపు అడుగులు, మంచి ఇల్లు కట్టుకుని పెరడు వదిలినంత జాగా. ఎవరో తప్పు చేశారని, డబ్బు తిన్నారని ఊళ్లో కథలు పుట్టాయి. నేను రెండు ప్లానులూ పక్కపక్కన పెట్టి చూశాను. ఇద్దరి కూడికలూ సరిగ్గానే ఉన్నాయి. ఒకరు పాత సర్వే రాయి నుంచి కొలత మొదలుపెట్టారు, ఇంకొకరు ఇప్పుడున్న గట్టు నుంచి. గట్టు ఏళ్ల తరబడి నాగలితో, తర్వాత ట్రాక్టరుతో జరుగుతూ వచ్చింది.

మన లెక్కల మాస్టారు ఈ బడి మైదానంలోనే మాకు గొలుసు పట్టించి కొలిపించారు, గుర్తుందా? గొలుసుకు 66 అడుగులు, 100 లింకులు. పది చదరపు గొలుసులు ఒక ఎకరం. మొదటి మేకు ఎక్కడ కొట్టారో ముందు రాయమనేవారు, రాయకపోతే మార్కులు సగం. ఆ రోజు అది చాదస్తం అనిపించింది. మా కేసులో తగాదా అంతా ఆ మొదటి మేకు గురించే. ఎఫ్‌ఎంబీలో ఉన్న రాయిని ఆధారం చేసుకుని కొలవమని కోర్టు కమిషనరుకు ముందే చెబితే ఈ తేడా వచ్చేది కాదు. వేర్వేరు కోర్టులు వేర్వేరుగా చెప్పడం వల్ల వచ్చింది. ఒక కోర్టు ఒక రిపోర్టునూ, రెండో కోర్టు రెండో రిపోర్టునూ ఒప్పుకుంటే కాగితం మీద భూమి సాగుతుంది, నేల మీద సాగదు.

సరే, మూడింటినీ కలపడం ఎలా? సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 24వ సెక్షన్ ఉంది. తన కింద ఉన్న ఏ కోర్టులోని దావానైనా, ఏ దశలోనైనా తీసి, తన కిందే ఉన్న ఇంకో కోర్టుకు పంపే అధికారం జిల్లా కోర్టుకూ హైకోర్టుకూ ఉంది. కక్షిదారు అడిగితే అవతలి వాళ్లకు నోటీసు ఇచ్చి విని చేస్తారు, తమంతట తామూ చేయవచ్చు. అయితే అందుకునే కోర్టుకు ఆ దావా విచారించే అర్హత ఉండాలి. అందుకే పెద్ద విలువ దావాను మున్సబు కోర్టుకు దించలేరు, చిన్నదాన్నే పైకి తేవాలి. మా విషయంలో అన్నీ విజయనగరం సబ్ కోర్టుకే రావాలన్నది అలా తేలిపోయింది.

చీపురుపల్లి దావా తేవడం సులువే. రెండు కోర్టులూ విజయనగరం జిల్లా జడ్జి గారి కిందివే. జిల్లా కోర్టులో ట్రాన్స్‌ఫర్ ఓపీ వేశాం, 2016లో ఆర్డరు వచ్చింది. రాజాం దావాతోనే చిక్కు. రాజాం అప్పుడు శ్రీకాకుళం జిల్లా. చీపురుపల్లి నుంచి బస్సెక్కితే పట్టుమని గంట పట్టదు. కానీ ఆ కోర్టు శ్రీకాకుళం జిల్లా కోర్టు కింద ఉంది, విజయనగరం జిల్లా జడ్జి గారు దాన్ని ముట్టుకోలేరు. రెండు జిల్లాలకూ పైనున్నది హైకోర్టు ఒక్కటే. అంటే ఒక గంట దూరంలో ఉన్న ఫైలును కదపడానికి హైదరాబాదు వెళ్లాలి. 2017లో అక్కడ పిటిషన్ వేశాం. 2019 జనవరి 1 నుంచి మన రాష్ట్ర హైకోర్టు అమరావతిలో పనిచేయడం మొదలైంది, మా ఫైలూ అక్కడికి వచ్చింది. ఆ ఏడాదే ఆర్డరు.

2022 ఏప్రిల్‌లో కొత్త జిల్లాలు వచ్చినప్పుడు రాజాం విజయనగరం జిల్లాలోకి వచ్చింది కదా, ఇప్పుడైతే సులువా అని చాలామంది అడుగుతున్నారు. రెవెన్యూ జిల్లా మారినంత మాత్రాన కోర్టుల హద్దు దానంతట అదే మారదు. మీ కోర్టు ఏ జిల్లా కోర్టు కింద ఉందో కనుక్కుని అడుగు వేయండి. ఇక పర్లాకిమిడి, గుణుపురం వైపు భూములున్న మనవాళ్ల సంగతి వేరు. దావాలు రెండు రాష్ట్రాల్లో ఉంటే హైకోర్టు కూడా చాలదు, 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టుకు వెళ్లాల్సిందే.

దానికి మన పక్కనే మంచి ఉదాహరణ ఉంది. చిట్టివలస జూట్ మిల్లు. ఆ మిల్లుకూ జేపీ రీవా సిమెంటు కంపెనీకీ లావాదేవీల్లో తగాదా వచ్చి, ఒక దావా మధ్యప్రదేశ్‌లోని రీవాలో, ఇంకోటి విశాఖపట్నంలో నడిచాయి. 2004లో సుప్రీంకోర్టు విశాఖ దావాను రీవాకు పంపింది. దావాలను కలిపి విచారించాలని కోడ్‌లో ప్రత్యేకంగా ఎక్కడా లేకపోయినా, 151వ సెక్షన్ కింద కోర్టుకు సహజంగా ఉన్న అధికారంతో కలపవచ్చని, ఒకే సాక్ష్యం, ఒకే వాదన, ఒకే తీర్పు సరిపోతాయని చెప్పింది. దేశమంతా ప్లీడర్లు ఇప్పటికీ ఆ తీర్పును చూపిస్తారు, మన గోనెసంచుల మిల్లు పేరుతోనే. అయితే అందులో మనం చూడవలసిన ఇంకో సంగతి ఉంది. కలిశాయి, నిజమే. కానీ కలిసింది విశాఖలో కాదు, రీవాలో. దావాలు కలపడమంటే ఎవరో ఒకరు దూరం వెళ్లడమే.

మా కేసులో దూరమైంది మా చిన్నాన్న కొడుక్కి. అతను రాజాంలో చిన్న వ్యాపారం చేసుకుంటాడు. "నా ఊళ్లో కోర్టు ఉండగా విజయనగరం ఎందుకు రావాలి? వాయిదా ఉన్న రోజల్లా షాపు కట్టేయాలా?" అని అతని అఫిడవిట్‌లో ఉంది. అది వంకర వాదన కాదు. నేనే అతని చోట ఉంటే అదే రాసేవాణ్ణి. ఇంకో అభ్యంతరం కూడా చెప్పారు: మూడు దావాల్లో కక్షిదారులు ఒకరు కారు, కొన్నాయనకు రాజాం భూమితో పనేమిటి అని. అదీ ఆలోచించవలసిందే. దానికి జవాబుగా ఆ కొన్నాయనను ఆర్డరు 1 రూలు 10 కింద అత్త దావాలో పార్టీగా చేర్చారు. అక్కడికి అందరూ ఒక గొడుగు కిందికి వచ్చినట్టయింది.

నేను చేసిన పని ఒక్కటే. ఒక పెద్ద కాగితం మీద గళ్లు గీసి ఒక పట్టిక వేశాను. ఏ దావా, ఏ సర్వే నంబరు, ఎవరు వాది, ఎవరు ప్రతివాది, తేలవలసిన ప్రశ్న ఏమిటి, ఇప్పుడు ఏ దశలో ఉంది. మూడు వరుసలు. కింద రెండు కమిషనర్ల రిపోర్టుల్లో 11 సెంట్ల తేడా. మా ప్లీడరు గారు దాన్ని పిటిషన్‌కు జత చేశారు. నలభై పేజీల అఫిడవిట్ కంటే ఆ ఒక్క పేజీ ఎక్కువ పని చేసిందని నేను అనుకుంటాను, ఆయన ఒప్పుకోరు. మీరూ వేసుకోండి. ప్రతి దావాకూ సీఎన్ఆర్ నంబరు ఉంటుంది. దాన్ని ఈ-కోర్ట్స్ యాప్‌లో కొడితే ఏ దశలో ఉందో అమెరికాలో కూర్చుని అయినా చూడొచ్చు. దశ ముఖ్యం. ఒక దావా తీర్పుకు దగ్గరపడి, రెండోది ఇంకా జవాబు కూడా వేయని స్థితిలో ఉంటే, కలపమని అడగడం కాలయాపన కోసమేనని జడ్జి గారికి అనుమానం రావడం సహజం. కొందరు నిజంగా అందుకే అడుగుతారు కూడా.

ట్రాన్స్‌ఫర్ ఆర్డరు రాగానే పని అయిపోయిందనుకోకండి. ఫైలు ఒకే కోర్టుకు రావడం వేరు, కలవడం వేరు. విజయనగరం చేరాక కూడా మూడు ఫైళ్లూ మూడు వేర్వేరు తేదీలకు పడుతూనే ఉన్నాయి. క్లబ్ చేయమని మళ్లీ విడిగా పిటిషన్ వేస్తే అప్పుడు అత్త దావాను ముఖ్యమైన దావాగా తీసుకుని, అందులో రాసిన సాక్ష్యమే మిగతా రెంటికీ సాక్ష్యమని ఆర్డరు వచ్చింది. బదిలీ అయిన దావాను మళ్లీ మొదటి నుంచి విచారించవచ్చు, ఆగిన చోటి నుంచి కొనసాగించవచ్చు. మా దాంట్లో ఆగిన చోటి నుంచే. ఇంకో మాట. తాసిల్దారు దగ్గరో ఆర్డీవో దగ్గరో ఉన్న పాసుపుస్తకం తగాదా ఇలా కోర్టుకు బదిలీ కాదు. అవి జిల్లా కోర్టు కింద ఉన్న కోర్టులు కావు. సివిల్ కోర్టు డిక్రీ వచ్చాక దాని ప్రకారం రికార్డు మార్చమని అడగాలి.

2020లో కరోనా వచ్చి అన్నీ ఆగాయి. ఆ ఆగస్టులోనే వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. 2005 సవరణ ప్రకారం కూతురికి పుట్టుకతోనే హక్కు, 2005 నాటికి తండ్రి బతికి ఉండాల్సిన పని లేదు అని. మన రాష్ట్రంలో 1985లోనే ఆడపిల్లలకు వాటా ఇచ్చారు గానీ, అప్పటికే పెళ్లయినవాళ్లకు అది వర్తించలేదు. మా అత్త పెళ్లి అంతకు చాలా ముందు. నోటిమాట పంపకాలను, రిజిస్టరు కాని కాగితాలను కూతురి హక్కు కాదనడానికి చూపిస్తే అంత తేలిగ్గా ఒప్పుకోకూడదని కూడా ఆ తీర్పు చెప్పింది. మూడు దావాలు మూడు చోట్ల ఉండి, అందులో ఒకటి రెండు అప్పటికే తేలిపోయి ఉంటే, ఈ తీర్పు మాకు ఎంతవరకు పనికొచ్చేదో నేను చెప్పలేను.

2021లో అత్త సాక్ష్యం. అప్పటికి మంచం దిగలేని స్థితి. అందుకు కోడ్‌లోనే వీలుంది, అడ్వొకేట్ కమిషనరు గారు ఇంటికి వచ్చి రాసుకున్నారు. ముగ్గురు ప్లీడర్లూ ఆ వీధి అరుగు మీదే కూర్చుని ఒకే పూట క్రాస్ చేశారు. విడివిడిగా ఉంటే ఆ మనిషిని మూడుసార్లు అడగాలి, అదే పెళ్లి, అదే కట్నం, అదే పారీఖత్తు. క్రాస్ అయ్యాక మా చిన్నాన్న కొడుకు ఆమెకు మంచినీళ్లు అందించాడు. కేసు ఫైల్లో ఉండదు ఆ ముక్క.

ఆ ఏడాది చివర్లో నాన్న పోయారు. ప్రతివాది చనిపోతే 90 రోజుల్లో వారసులను రికార్డు మీదికి తేవాలి. పిటిషన్లు ఒక్కో దావాకూ ఒక్కోటి వేయాల్సిందే, కానీ ఒకే కోర్టులో ఒకే రోజు వేశాం. పన్నెండో రోజు అత్తను కుర్చీలో మోసుకొచ్చారు. అన్నయ్య ఫోటో ముందు చాలాసేపు కూర్చుంది. దావా మాట ఎవరూ ఎత్తలేదు.

2023లో మూడింటికీ కలిపి ఒకే తీర్పు వచ్చింది. పారీఖత్తు అత్తను కట్టిపడేయదని, ముగ్గురికీ మూడో వంతు చొప్పున అని ప్రిలిమినరీ డిక్రీ. అంటే మనిషికి 3 ఎకరాల 51 సెంట్ల పైచిలుకు. చిన్నాన్న అమ్మిన 2 ఎకరాల 10 సెంట్లు అతని మూడో వంతులో ఇమిడిపోతుంది కాబట్టి, పంచేటప్పుడు వీలైనంతవరకు ఆ ముక్కనే చిన్నాన్న వాటాకు వేసి కొన్నాయనకు వదలమన్నారు. దాంతో ఆయన ఇల్లు నిలిచింది, అత్తకు వాటా దక్కింది. గమనించండి, చీపురుపల్లి కోర్టు ఒక్కటే ఉంటే అది ఇంజంక్షన్ ఇవ్వగలదు లేదా కొట్టేయగలదు, అంతే. రాజాం కోర్టు ముందు రోడ్డు పక్క భూమి అసలు లేనే లేదు. ఇటు కొంత తగ్గించి అటు కొంత కలిపి సర్దడం, భూమంతా ఒక్క బల్ల మీద ఉన్నప్పుడే కుదిరింది. నా మట్టుకు నాకు ఇంత తిరుగుడుకూ దొరికిన అసలు ఫలితం అదే. ఏళ్లు తగ్గాయా అంటే పెద్దగా తగ్గలేదు, ఆ మాట దాచను. ఇంకో జాగ్రత్త: ఒకే తీర్పు అయినా దావాకొక డిక్రీ తయారైతే, అప్పీలు వేసేవాళ్లు అన్నిటి మీదా వేయాలి. ఒకటి వదిలేస్తే అదే అడ్డుపుల్ల అవుతుంది.

ప్రిలిమినరీ డిక్రీ అంటే వాటా తేలినట్టే గానీ నేల చేతికి వచ్చినట్టు కాదు. ఇప్పుడు ఫైనల్ డిక్రీ పిటిషన్ నడుస్తోంది. ఈసారి కమిషనరు గారు ఒక్కరే, సర్వేయరును వెంటబెట్టుకుని వచ్చే నెలలో వస్తున్నారు. పాత సర్వే రాయి నుంచే కొలవాలని ఆర్డరులో రాయించాం. ఆ రాయి తుప్పల్లో ఉంటే మొన్న నేనూ, మా చిన్నాన్న కొడుకూ కలిసి వెళ్లి తుప్ప కొట్టి, రాయికి సున్నం వేసి వచ్చాం. తిరిగి వస్తుంటే దారిలో అడిగాడు, "అన్నయ్యా, నుయ్యి ఉన్న చెక్క ఎవరికి పడుతుందంటావు?" అని. అత్త కూడా ఆ నుయ్యి ఉన్న చెక్కే కావాలంటోంది.